గేటు దగ్గరి మనిషి పేరు మీద ఒక కాగితం
(ఐఏఎస్ అధికారి ఎస్.ఆర్. శంకరన్ గారి స్మృతిలో చేసిన ఉపన్యాస పాఠం)



శంకరన్ గారి స్మృతిలో మాట్లాడేవాళ్ళు భూమి గురించో, దళితుల ప్రత్యేక ప్రణాళిక గురించో, సఫాయి కార్మికుల గురించో మాట్లాడతారని మీరు అనుకోవడం సహజం. ఆయన జీవితమంతా ఆ పనులకే ధారపోశారు. నేను మాత్రం ఈ సాయంత్రం సెక్యూరిటీ గార్డుల లైసెన్సు గురించి మాట్లాడబోతున్నాను. విషయం చెప్పగానే నిర్వాహకులు “లైసెన్సా?” అన్నారు. అవునండీ, లైసెన్సే. ఇందాక మీరు లోపలికి వస్తుంటే గేటు దగ్గర మీ బండి నంబరు రాసుకున్న మనిషి సంగతి.

శంకరన్ గారికీ దీనికీ సంబంధమేమిటో ముందే చెప్పేస్తాను. 1976లో వెట్టిచాకిరీ రద్దు చట్టం వచ్చింది. చట్టం ఢిల్లీలో అయింది. దాన్ని మన పల్లెల్లో నిజం చేయడానికి నడుం కట్టిన అధికారుల్లో ఆయనది ముందు వరుస. ఆ చట్టం అమలులో అన్నిటికన్నా విలువైన వస్తువు విడుదల పత్రం. ఫలానా ఊరి ఫలానా మనిషి ఇక ఎవరికీ వెట్టి కాదు, ఆ పాత బాకీ చెల్లదు అని ప్రభుత్వాధికారి సంతకం పెట్టి, ఆ మనిషి పేరు మీదే ఇచ్చే కాగితం అది. అది లేకపోతే పునరావాసం సొమ్ము రాదు, రేపు పాత యజమాని మనిషిని పంపితే చూపించడానికి చేతిలో ఏమీ ఉండదు. పేదవాడి కోసం చేశామన్న చట్టం పేదవాడి చేతిలో కాగితంగా మారిందా లేదా అని చూడటం కార్మిక శాఖలో నేను ఆ తరం అధికారుల దగ్గరే నేర్చుకున్నాను. ఇవాళ గార్డుల చట్టాన్ని చూసేదీ ఆ కళ్ళతోనే.

గార్డును వెట్టివాడు అనడం లేదు, అలా అర్థం చేసుకోవద్దు. గార్డు ఉద్యోగం మానేయవచ్చు. మానేస్తూనే ఉంటాడు కూడా. ఈ ఏజెన్సీలో రెండు నెలలు, ఆ ఏజెన్సీలో నాలుగు నెలలు. వాళ్ళ మాటలో చెప్పాలంటే “పాయింటు” మారుతూ ఉంటాడు. అయితే మారిన ప్రతిసారీ అప్పుడే ఊరి నుంచి బస్సు దిగినవాడితో సమానమైపోతాడు. పదేళ్ళ అనుభవం ఉన్నా ఆ ముక్క చెప్పే కాగితం అతని దగ్గర ఉండదు. నా ఫిర్యాదంతా అక్కడే.

కావలి మనకు కొత్త కాదు. ప్రతి ఊరికీ తలారి ఉండేవాడు. మద్రాసు ప్రెసిడెన్సీలో 1816 నాటి 11వ రెగ్యులేషను అతన్ని గ్రామ మునసబు చేతి కింద పెట్టి, గ్రామ పోలీసు వ్యవస్థలో భాగం చేసింది. ఆ పని కులాన్ని బట్టి, వంశాన్ని బట్టి వచ్చేది. అందులో ఉన్న అన్యాయం నాకు తెలియనిది కాదు, దాన్ని మెచ్చుకోవడానికి ఈ మాట ఎత్తలేదు. ఒక్క సంగతి కోసం ఎత్తాను. తలారికి గుర్తింపు కార్డు అక్కర్లేదు. అతని తాత ఎవరో, అతను రాత్రి ఏ గట్టు మీద పడుకుంటాడో ఊరందరికీ తెలుసు. నగరంలో అలా కుదరదు. నాలుగు వందల ఫ్లాట్ల ప్రాంగణానికి రాత్రి పూట తాళంచెవులు ఎవరి చేతిలో పెడుతున్నామో మనకు తెలియదు. తాను కాపలా కాసేది ఎవరినో అతనికీ తెలియదు. ఒకరికొకరు తెలియని చోట మధ్యలో కాగితం ఉండాలి. ఆ కాగితం ఎవరి పేరు మీద ఉండాలన్నదే ప్రశ్న.

మన దేశం ఆ ప్రశ్నకు 2005లో జవాబిచ్చింది. ఆ ఏడాది 29వ చట్టం, ప్రైవేటు సెక్యూరిటీ ఏజెన్సీల నియంత్రణ చట్టం. ఈ రంగంలో అందరూ దాన్ని “పసారా” అంటారు. “పసారా ఉందా?” అంటే లైసెన్సు ఉందా అని అడిగినట్టు. లైసెన్సు ఇచ్చేది రాష్ట్ర ప్రభుత్వం. హోం శాఖలో సంయుక్త కార్యదర్శి స్థాయికి తగ్గని అధికారిని నియంత్రణాధికారిగా పెట్టాలి. ఒక్క జిల్లాలో పనిచేసే ఏజెన్సీకి ఫీజు 5,000 రూపాయలు, అయిదు జిల్లాల దాకా 10,000, రాష్ట్రమంతా అయితే 25,000. గడువు అయిదేళ్ళు. రెండేళ్ళకు తక్కువ కాని జైలుశిక్ష పడదగిన నేరం రుజువైనవాడికి, దివాలా తీసి బయటపడనివాడికి, దుష్ప్రవర్తన మీద ప్రభుత్వ ఉద్యోగం పోగొట్టుకున్నవాడికి లైసెన్సు ఇవ్వకూడదు. కంపెనీ ఇక్కడ నమోదైనది కావాలి, దాని పెత్తనం భారత పౌరుల చేతిలో ఉండాలి. లైసెన్సు లేకుండా ఏజెన్సీ నడిపితే ఏడాది దాకా జైలు, లేదా 25,000 రూపాయల దాకా జరిమానా, లేదా రెండూ. జరిమానా గరిష్ఠ మొత్తం రాష్ట్రమంతటికీ కట్టే లైసెన్సు ఫీజుతో సమానమని గమనించే ఉంటారు. జైలు మాట పక్కన పెడితే, దొరికినా పోయేదేమీ లేదన్నమాట.

ఇంతవరకూ చెప్పిన లైసెన్సు యజమానిది. మరి గేటు దగ్గర నిలబడేవాడి మాటేమిటి? అతనికి లైసెన్సు లేదు. అర్హతలు మాత్రం ఉన్నాయి. చట్టంలోని 10వ సెక్షను అతని కోసమే. పద్దెనిమిదేళ్ళు నిండాలి, అరవై అయిదు రాకూడదు. భారత పౌరుడై ఉండాలి, లేదా కేంద్రం పేర్కొన్న దేశం వాడు కావాలి. తన నడవడిక గురించి ఏజెన్సీకి నమ్మకం కలిగించాలి. శిక్షణ పూర్తి చేయాలి. దేహదారుఢ్యం ఉండాలి. కోర్టులో శిక్ష పడ్డవాడు, తప్పు చేసి సైన్యం నుంచో పోలీసు నుంచో ఇంకో ఏజెన్సీ నుంచో తొలగించబడ్డవాడు పనికిరాడు. మాజీ సైనికులకు, పోలీసులకు, హోంగార్డులకు ముందు అవకాశం ఇవ్వాలి.

కేంద్రం 2006లో నమూనా నియమాలు తెచ్చింది. చదవడానికి అవి భలే సరదాగా ఉంటాయి. శిక్షణ అంటే తరగతి గదిలో 100 గంటలు, బయట 60 గంటలు, కనీసం ఇరవై పనిదినాలు. మాజీ సైనికులకు, మాజీ పోలీసులకు కుదించిన కోర్సు: 40 గంటలు, 16 గంటలు, ఏడు పనిదినాలు. పాఠాల జాబితాలో మంటలార్పడం, గుంపును అదుపు చేయడం, ప్రథమ చికిత్స, బాంబును గుర్తుపట్టడం, పాస్‌పోర్టు పరిశీలించడం, పోలీసు స్టేషనులో ఫిర్యాదు నమోదు చేయించే పద్ధతి, ఆత్మరక్షణ హక్కు, పోలీసు సైనిక హోదాల చిహ్నాలు, అన్నీ ఉన్నాయి. మగవాడికి ఎత్తు 160 సెంటీమీటర్లు, స్త్రీకి 150. మగవాడికి ఛాతీ 80, ఊపిరి పీలిస్తే మరో 4. వర్ణాంధత్వం ఉండకూడదు, చదును పాదాలు ఉండకూడదు, కిలోమీటరు దూరాన్ని ఆరు నిమిషాల్లో పరుగెత్తాలి. ఈ సభలో ఎంతమందిమి పరుగెత్తగలమో చూద్దామని ఉంది గానీ, మొదట నన్నే అడుగుతారని ఊరుకుంటున్నాను.

దుస్తుల సంగతి ఇంకా వివరంగా రాశారు. చేతికి ఏజెన్సీ గుర్తు, భుజానికో ఛాతీకో హోదా గుర్తు, లేసులున్న బూట్లు, తలకు టోపీ. దారానికి కట్టిన విజిలు ఎడమ జేబులో ఉండాలి. బట్టలు మరీ బిగుతుగానూ ఉండకూడదు, మరీ వదులుగానూ ఉండకూడదు. ఒక నోటుబుక్కు, రాయడానికి కలం దగ్గర ఉండాలి. ఫోటో ఉన్న కార్డు నడుముకు పైన, అందరికీ కనబడేలా తగిలించుకోవాలి. సైన్యం దుస్తులనో పోలీసు దుస్తులనో పోలిన బట్టలు వేసుకుంటే గార్డుతో పాటు యజమానికి కూడా శిక్ష. విజిలు ఏ జేబులో ఉండాలో అంత పట్టింపుగా రాసినవాళ్ళు, ఆ విజిలు ఊదేవాడి చేతికి ఏ కాగితం వెళ్ళిందో ఎవరు చూస్తారన్న మాట రాయలేదు.

కాగితాలు లేక కాదు. ఇదే నేను మీ ముందు పెట్టదలచుకున్న ముఖ్యమైన విషయం. నమూనా నియమాల ప్రకారం గార్డు చేతికి రెండు కాగితాలు రావాలి. ఒకటి, శిక్షణ పూర్తి చేసినట్టు శిక్షణ సంస్థ ఇచ్చే ధ్రువపత్రం. రెండోది, పోలీసు విచారణ అయ్యాక ఏజెన్సీ ఇచ్చే నడవడిక పత్రం. ఈ రెండోదాని గురించి నియమాల్లో ఒక మాట ఉంది: ఆ మనిషి ఆ ఏజెన్సీలో ఉద్యోగం మానేసినా ఆ పత్రాన్ని వెనక్కి తీసుకోకూడదు. రాసినవారెవరో గానీ వారికి దణ్ణం పెట్టాలి. విడుదల పత్రం లాంటి ఆలోచన ఆ ఒక్క మాటలో ఉంది. ఉద్యోగం యజమానిది కావచ్చు, మంచివాడన్న పేరు మాత్రం ఆ మనిషిది.

ఇక జరిగేది చెబుతాను. ఉద్యోగంలో ఉండగా ఒకసారి జీతాల ఫిర్యాదు మీద ఒక ఏజెన్సీ కార్యాలయానికి వెళ్ళాను. పేరు అనవసరం, అలాంటివి చాలా ఉన్నాయి. రెండు గదులు. ఒక గదిలో నీలం చొక్కాలు సైజుల వారీగా కట్టలు కట్టి ఉన్నాయి. ఇంకో గదిలో బీరువా. శిక్షణ రికార్డు అడిగితే ఫైలు తీసి ఇచ్చారు. ధ్రువపత్రాలు ఒకదాని మీద ఒకటి, అన్నీ ఒకే తేదీ, ఒకే సిరా, ఒకే దస్తూరీ. ఇరవై పనిదినాలు నేర్చుకున్నట్టు రాసి ఉన్నవాళ్ళలో ఇద్దరు ఆ రోజు అదే ఆఫీసు వరండాలో కూర్చుని ఉన్నారు. వాళ్ళను పిలిచి ఆ కాగితం చూపించాను. ఒకతను తన ఫోటో చూసి గుర్తుపట్టాడు. “ఇది నాదేనా సార్?” అన్నాడు. అతను చేరిన రోజు సాయంత్రమే చొక్కా ఇచ్చి నైట్ డ్యూటీకి పంపారట. చొక్కా, బూట్ల డబ్బు మొదటి జీతంలో కోసుకున్నారట. మంటలార్పే ఎర్ర సిలిండరు ఎలా వాడాలో చెప్పారా అంటే, అది ఎక్కడుందో చెప్పారు అన్నాడు.

ధ్రువపత్రం అబద్ధం కావడం ఒక నేరం. అబద్ధమో నిజమో, అతని పేరు మీద ఉన్న కాగితం అతనికి తెలియకుండా బీరువాలో ఉండటం నా దృష్టిలో ఇంకో నేరం. మొదటి దాని గురించి పత్రికలు అప్పుడప్పుడు రాస్తాయి. రెండోదాన్ని ఎవరూ నేరం అనుకోరు. పోలీసు విచారణ కాగితమూ ఆ బీరువాలోనే. అతను ఏజెన్సీ మారితే మళ్ళీ ఫోటోలు, మళ్ళీ ఆధార్ జిరాక్సులు, మళ్ళీ విచారణ అన్న పేరుతో కొంత డబ్బు. జీతం బకాయి ఉంటే అడగడానికి జంకు, ఎందుకంటే తనెవరో చెప్పే కాగితాలన్నీ వాళ్ళ దగ్గరే ఉన్నాయి. ట్రావెల్స్ వాళ్ళ దగ్గర బస్సు నడిపే డ్రైవరు లైసెన్సు ట్రావెల్స్ ఓనరు పేరు మీద ఉంటే మనం ఒప్పుకుంటామా?

తమాషా ఏమిటంటే, తుపాకీ పట్టే గార్డుకు ఒక లైసెన్సు సొంతంగా ఉంటుంది. బ్యాంకుల దగ్గర, డబ్బు వ్యాన్ల వెంట కనిపించే గన్‌మెన్లలో చాలామంది మాజీ సైనికులు. వాళ్ళ తుపాకీ వాళ్ళదే, ఆయుధ చట్టం కింద లైసెన్సు వాళ్ళ పేరు మీదే. అందుకే గన్‌మన్ మాట్లాడే తీరు వేరు. “నా తుపాకీ, నా లైసెన్సు, ఇంత ఇస్తే వస్తాను” అంటాడు. మామూలు గార్డు “సార్, ఏదైనా పాయింటు ఉందా?” అంటాడు. ఇద్దరూ ఒకే గేటుకు అటూ ఇటూ నిలబడతారు.

బయటి దేశాల వైపు ఒకసారి చూద్దాం. బ్రిటన్ 2001లో చట్టం చేసి, సెక్యూరిటీ ఇండస్ట్రీ అథారిటీ అనే సంస్థను పెట్టింది. అక్కడ మనకు పూర్తిగా తలకిందులు. లైసెన్సు మనిషికి, మూడేళ్ళ గడువుతో. కంపెనీకి తప్పనిసరి లైసెన్సు లేదు, ఇష్టమున్న కంపెనీలు ఆమోదిత కాంట్రాక్టరుగా గుర్తింపు తెచ్చుకోవచ్చు, అంతే. గార్డు లైసెన్సు నంబరు కొడితే నిజమైనదో కాదో ఎవరైనా ఇంటర్నెట్‌లో చూసుకోవచ్చు. ఆ పద్ధతికీ లోటు ఉంది. 2017లో మాంచెస్టర్‌లో సంగీత కచేరీ ముగిసే వేళ బాంబు పేలి 22 మంది చనిపోయారు. దాని మీద జరిగిన విచారణ, కంపెనీలకు కూడా లైసెన్సు పెట్టే విషయం ఆలోచించమని చెప్పింది. వాళ్ళ దగ్గర ఉన్నది మన దగ్గర లేదు, మన దగ్గర ఉన్నది వాళ్ళ దగ్గర లేదు.

అమెరికాలో ఇది రాష్ట్రాల వ్యవహారం. ఆయుధం లేని గార్డుకు రాష్ట్ర స్థాయిలో ఏ లైసెన్సూ అడగని రాష్ట్రాలూ ఉన్నాయి. కాలిఫోర్నియాలో మాత్రం “గార్డు కార్డు” లేకుండా డ్యూటీ ఎక్కకూడదు. పద్దెనిమిదేళ్ళు నిండాలి, వేలిముద్రలు రాష్ట్ర న్యాయశాఖ దగ్గరా ఎఫ్‌బీఐ దగ్గరా సరిచూస్తారు. శిక్షణ మొత్తం 40 గంటలు, మన 160 గంటల కన్నా ఎంతో తక్కువ. కానీ దాన్ని పంచిన తీరు చూడండి. కార్డు రావడానికి ముందే 8 గంటలు, కార్డు వచ్చిన 30 రోజుల్లో 16, ఆరు నెలల్లో మరో 16, ఆ తర్వాత ఏడాదికి 8 గంటలు తిరిగి చదువు. ఆ మొదటి 8 గంటల పాఠం ఏమిటనుకున్నారు? ఎవరినైనా పట్టుకునే అధికారం తనకు ఎంతవరకు ఉంది, బలం ఎంతవరకు వాడవచ్చు. అంటే తాను పోలీసును కానని అతనికి మొట్టమొదట చెబుతారు.

మన గార్డుకు ఆ పాఠం చెప్పేదెవరు? ఇక్కడా అతనికి ఉన్న అధికారం మామూలు పౌరుడికి ఉన్నంతే. కళ్ళెదుట పెద్ద నేరం జరిగితే పట్టుకోవచ్చు, పోలీసుకు అప్పగించాలి. 2024 జూలై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 40వ సెక్షను ఆ అప్పగింతకు ఆరు గంటల గడువు కూడా పెట్టింది. దొంగ అనుమానంతో కుర్రాణ్ణి రాత్రంతా సెల్లారులో కట్టేసి కొట్టారన్న వార్త చదివినప్పుడల్లా ఈ ఆరు గంటలు నాకు గుర్తొస్తాయి. కొట్టమన్నది ఫ్లాట్ల వాళ్ళు, కేసు పడేది గార్డు మీద. అతనికి చట్టం తెలిసి ఉంటే “సార్, నా వల్ల కాదు, వందకు ఫోన్ చేస్తున్నా” అనేవాడు. శిక్షణను నేను కోరేది మన ఆస్తుల భద్రత కోసం మాత్రమే కాదు, అతని భద్రత కోసం కూడా.

దుబాయి మాట చెప్పకపోతే కరీంనగర్, నిజామాబాద్ వాళ్ళు ఊరుకోరు. అక్కడ సిరా అనే ప్రభుత్వ సంస్థ ఉంది. శిక్షణ తీసుకుని, పరీక్ష రాసి, కార్డు తెచ్చుకుంటేనే గార్డు. మనవాళ్ళు రాశారు, తెచ్చుకున్నారు. తిరిగివచ్చిన ఒకాయన ఆ గడువు తీరిన కార్డును ఇంకా పర్సులో పెట్టుకుని తిరుగుతున్నాడు. ఇప్పుడు హైదరాబాదులో ఒక ఆసుపత్రి దగ్గర పాయింటు. “ఇక్కడి కార్డేది?” అని అడిగితే మెడలోది చూపించాడు, ఏజెన్సీ పేరు పెద్దక్షరాల్లో, తన పేరు చిన్నక్షరాల్లో. ఉద్యోగం మానేసిన రోజున అది తిరిగి ఇచ్చేయాలి.

అంత దూరం కూడా అక్కర్లేదు, పక్కనే మహారాష్ట్ర ఉంది. అక్కడ 1969లో మాథాడీ హమాలీల కోసం ఒక చట్టం వచ్చింది. అదే అచ్చులో 1981లో ప్రైవేటు సెక్యూరిటీ గార్డుల చట్టం చేశారు. గార్డు, అతన్ని పెట్టుకున్న సంస్థ, ఇద్దరూ బోర్డులో నమోదు కావాలి. సంస్థ జీతం డబ్బు బోర్డుకు కడుతుంది, బోర్డు గార్డుకు ఇస్తుంది. భవిష్యనిధి, బోనసు, గ్రాట్యుటీ బోర్డు చూస్తుంది. ఒక చోట పని అయిపోతే అతని సర్వీసు పోదు, ఎందుకంటే అతని పేరు ఉన్నది బోర్డు పుస్తకంలో. ఆ మరుసటి ఏడాదే బొంబాయి మిల్లుల సమ్మె మొదలైంది. మిల్లులు మూతపడ్డాక వాచ్‌మన్లుగా మారిన కార్మికులు ఎందరో. బోర్డుల్లో అవినీతి లేదని, అందరు గార్డులూ వాటి కిందికి వచ్చారని నేను చెప్పను. మినహాయింపు తెచ్చుకున్న ఏజెన్సీలూ ఉన్నాయి. అయినా మనిషిని నమోదు చేయడం ఈ దేశంలో అసాధ్యం కాదని ఆ చట్టం నలభై ఏళ్ళ పైనుంచి చెబుతూనే ఉంది.

ఇక అసలు ఏ లెక్కలోకీ రాని వాళ్ళున్నారు. మన అపార్టుమెంటు వాచ్‌మన్. పాలమూరు నుంచో శ్రీకాకుళం నుంచో భార్యాపిల్లలతో వచ్చి, సెల్లారులో మెట్ల కింద గదిలో ఉంటాడు. మోటారు వేస్తాడు, చెత్త దింపుతాడు, కార్లు కడుగుతాడు, రాత్రి గేటు తీస్తాడు. భార్య నాలుగు ఫ్లాట్లలో పని చేస్తుంది. అతన్ని పెట్టుకున్నది అసోసియేషను, ఏజెన్సీ కాదు. ఏజెన్సీ లేదు గనుక పసారా లేదు, శిక్షణ లేదు, విచారణ లేదు, కార్డు లేదు. గార్డు కన్నా ఎక్కువ కాపలా కాసేది అతనే. అతనికి డ్యూటీ దిగడం అన్నది లేదు కదా. చట్టం ఏజెన్సీ గుమ్మం దగ్గర మొదలై అక్కడే ఆగిపోయింది. మనిషికి లైసెన్సు ఇచ్చే పద్ధతి ఉంటే వాచ్‌మన్ కూడా అందులోకి వస్తాడు, మండల కేంద్రంలో ఇరవై రోజులు నేర్చుకుని తన కార్డు తాను తెచ్చుకుంటాడు.

దిల్‌సుఖ్‌నగర్ పేలుళ్ళ తర్వాత 2013లో అప్పటి ఉమ్మడి రాష్ట్రం ప్రజా భద్రతా చర్యల చట్టం చేసింది. ఒకేసారి వందమంది, లేదా రోజుకు అయిదువందల మంది వచ్చే చోట్ల సీసీ కెమెరాలు పెట్టాలని, రాకపోకలపై తనిఖీ ఉండాలని ఆ చట్టం. అదే ఏడాది నవంబరులో బెంగళూరు ఏటీఎంలో ఒక మహిళపై దాడి జరిగింది. అక్కడ గార్డు లేడు. ఆ తర్వాత దేశమంతా ఏటీఎంలకు గార్డులు కావాలన్నారు. ప్రతి సంఘటన తర్వాతా గిరాకీ పెరుగుతుంది, ఆ గిరాకీకి ఆ రాత్రే చొక్కా తొడిగి మనిషిని పంపుతారు. కెమెరా కొనేటప్పుడు ఎన్ని మెగాపిక్సెల్సో అడుగుతాం, వారంటీ కార్డు జాగ్రత్తగా దాచుకుంటాం.

నా వాదనకు ఎదురు వాదన ఉంది, బలమైనదే. లైసెన్సు అంటే మళ్ళీ ఒక కౌంటరు, ఒక ఫీజు, ఒక దళారీ. కిలోమీటరు ఆరు నిమిషాల్లో పరుగెత్తలేని అరవై ఏళ్ళ రైతు, పంట పోయి నగరానికి వచ్చినవాడు, ఆ గేటు దగ్గర కుర్చీ కూడా పోగొట్టుకుంటాడు. నిజమే. ఇంగ్లీషు అక్షరాలు, అంకెలు చదవగలగాలని నియమాల్లోనే ఉంది. చదువు అంతగా రానివాడు కూడా మన గేట్ల దగ్గర బండి నంబర్ల మీది ఏపీ, టీఎస్, 2024 మార్చి నుంచి టీజీ, అన్నీ బొమ్మల్లా గుర్తుపెట్టుకుని రిజిస్టరులో గీస్తున్నాడు, తప్పు లేకుండా గీస్తున్నాడు. అతన్ని పరీక్ష పెట్టి తీసేయడం న్యాయం కాదు. అందుకే నా షరతులు రెండు. ఖర్చు గార్డు జేబులోంచి పోకూడదు, ఏజెన్సీ లైసెన్సు ఫీజు పెంచి అందులోంచి ఇవ్వాలి. రాష్ట్రమంతా అయిదేళ్ళు వ్యాపారం చేసుకోవడానికి 25,000 అన్నది ఈ రోజుల్లో ఒక ఫీజేనా? ఇక దేహదారుఢ్యం కొలతలు పనిని బట్టి ఉండాలి. మాల్ దగ్గర గుంపును ఆపేవాడికి ఒక కొలత, మెట్ల దగ్గర రిజిస్టరు రాసేవాడికి మరొకటి.

కొత్త చట్టం రాకముందే చేయగలిగింది చాలా ఉంది. 2005 చట్టానికి చివర ఒక షెడ్యూలు ఉంది. వేతనాల చెల్లింపు, కనీస వేతనాలు, భవిష్యనిధి, బోనసు, కాంట్రాక్టు కార్మికులు, గ్రాట్యుటీ, సమాన వేతనం వంటి చట్టాలన్నీ అందులో ఉన్నాయి. వాటిని ఉల్లంఘిస్తే ఏజెన్సీ లైసెన్సు సస్పెండు చేయవచ్చు, రద్దు చేయవచ్చు. ఆ చట్టాల్ని తర్వాత కోడ్‌లలో కలిపారు, కానీ ఉద్దేశం మాసిపోలేదు: జీతం ఎగవేసేవాడికి భద్రత వ్యాపారం చేసే యోగ్యత లేదు. పన్నెండు గంటల డ్యూటీ చేయించి ఎనిమిది గంటల జీతం లెక్కగట్టడం, రిలీవరు రాలేదని ఇరవైనాలుగు గంటలు నిలబెట్టి “డబుల్ డ్యూటీ” అని మురిపించడం, ఇవన్నీ లైసెన్సుకు సంబంధించిన విషయాలే. కార్మిక శాఖ ఫైలు హోం శాఖ బల్ల మీదికి వెళ్ళదు. ఒకరు జీతం చూస్తారు, ఒకరు లైసెన్సు చూస్తారు. ఈ రెండు ఫైళ్ళూ ఒక బల్ల మీదికి రావాలని నా సర్వీసంతా రాస్తూ వచ్చాను.

శంకరన్ గారు 2005లో పద్మభూషణ్ వద్దన్నారు. 2010 అక్టోబరు 7న వెళ్ళిపోయారు. ఆయన స్మృతికి విగ్రహాలు, హారాలు నప్పవు, పని నప్పుతుంది. కనుక రెండు తెలుగు ప్రభుత్వాలకూ నా విన్నపం ఇది. గార్డు పేరు మీద రాష్ట్రమే ఒక కార్డు ఇవ్వండి. అందులో అతని శిక్షణ, విచారణ తేదీ, ఇప్పటిదాకా చేసిన సర్వీసు ఉండాలి. ఏజెన్సీ మారినా, జిల్లా మారినా అది అతని దగ్గరే ఉండాలి. అసోసియేషన్లలో పెత్తనం చేస్తున్న మీలాంటి పెద్దలకు ఇంకో మాట. ఏజెన్సీతో కాంట్రాక్టు మళ్ళీ రాసే ముందు మూడు కాగితాలు అడగండి: వాళ్ళ పసారా లైసెన్సు నకలు, మీ గేటు దగ్గర నిలబడే ప్రతి మనిషి శిక్షణ ధ్రువపత్రం, అతని నడవడిక పత్రం. చివరి రెండూ ఏజెన్సీ బీరువాలోంచి కాదు, ఆ మనిషి చేతుల మీదుగా తెప్పించుకుని చూడండి. చూశాక అతనికే తిరిగి ఇచ్చేయండి. వాచ్‌మన్‌ను మీరే పెట్టుకుని ఉంటే, పని మొదలైన తేదీ, జీతం రాసి, అసోసియేషను ముద్ర వేసి ఒక కాగితం రేపే ఇవ్వవచ్చు. దానికి ఏ చట్టమూ అడ్డు లేదు.